చెత్త బండికి నోరొచ్చింది

నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుందని సామెత. ఆ సామెత కట్టినవాళ్లెవరో మా అత్తను ఎరగరు. ఎరిగి ఉంటే ఇంకోలా కట్టేవాళ్లు.

మా అత్త చెత్త వేరుచేసే షెడ్డులో బెల్టు ముందు నిలబడి పనిచేసిన మనిషి. ఊరి చెత్తంతా ఆ బెల్టు మీద కదిలి వస్తుంటుంది. సీసా అయితే ఇటు, అట్ట అయితే అటు, రేకు డబ్బా అయితే వెనక తొట్టిలోకి. ఆ మోతలో మామూలుగా మాట్లాడితే పక్కమనిషికి కూడా వినపడదు. అందుకే ఆవిడ గొంతు అంత పెరిగింది. గొంతు పెరిగాక దానికి తగ్గ మాటలు కావాలి కదా, అవీ పెరిగాయి. మోకాళ్లు మొరాయించి పని మానేసినా గొంతు మాత్రం మానలేదు. పాలవాడిని తిడుతుంది, పాలనూ తిడుతుంది. వాన రాకపోతే వానను తిడుతుంది, వస్తే మళ్లీ వాననే తిడుతుంది. ఎవరినీ వదలదు, నన్ను తప్ప.

అవును, నన్ను తప్ప. పెళ్లై ఆ ఇంట్లో అడుగుపెట్టిన నాటినుంచీ నన్ను ఒక్క మాట అనలేదు. "అమ్మాయ్, నీకు వీలైతే ఆ గిన్నె కాస్త ఇలా అందిస్తావా తల్లీ" అంటుంది. అదే గిన్నె మా ఆయన అందివ్వడం ఆలస్యమైతే, "ఒరేయ్ బుడ్డోడా, చేతులు ఎవరికైనా అద్దెకిచ్చావా?" అంటుంది. బుడ్డోడంటే బట్టతల, బొజ్జ ఉన్న మా ఆయనే. పాడైన స్పీకర్లు, మైకులు బాగుచేయడం ఆయన పని.

"పెట్టి పుట్టావే, అలాంటి అత్త ఎవరికి దొరుకుతుంది!" అనేవాళ్లు నా స్నేహితురాళ్లు. మొదట్లో నేనూ అలాగే మురిసిపోయాను. పోనుపోనూ అర్థమైంది. ఇంటికొచ్చిన చుట్టాన్ని ఎవరూ తిట్టరు. తిట్టేది మనవాళ్లనే. అంటే ఇన్నాళ్లయినా మా అత్త నన్ను ముందు గదిలో కుర్చీ వేసి కూర్చోబెట్టే ఉంచింది. కోడలు తిట్టించుకోవాలని ముచ్చట పడుతోందంటే ఎవరైనా నవ్వుతారు కాబట్టి ఈ సంగతి ఎవరికీ చెప్పలేదు. కానీ ఆవిడ మా ఆయన్ని దులిపేస్తుంటే నేను వంటింట్లో నిలబడి అసూయ పడేదాన్ని. నిజంగానే పడేదాన్ని.

నేను చెత్త బండి తోలుతాను. చీపురు దగ్గరనుంచి స్టీరింగు దాకా ఎక్కినదాన్ని, ఆ స్టీరింగంటే నాకు ప్రాణం. బండి మధ్యలో అడ్డంగా రేకు ఉంటుంది. ఒకవైపు తడి చెత్త, ఒకవైపు పొడి చెత్త. సందుసందూ తిరిగి నింపుకుని షెడ్డుకు తీసుకుపోతే, అక్కడి మేస్త్రీ కుప్ప పోయించి కర్రతో కెలికి చూస్తాడు. ఆయన దగ్గర రెండే మాటలు. అట్టపెట్టెల్లో నిన్నటి కూర కనిపిస్తే "కలిసింది" అంటాడు. కనిపించకపోతే "సరే" అంటాడు. నేను "సరే" విని చాలా కాలమైంది.

కలిసిన చెత్త గుట్టకు పోతుంది. ఊరవతల ఉన్న ఆ గుట్ట నేను పుట్టినప్పుడు గొయ్యట. ఇప్పుడు దానికి నీడ కూడా ఉంది, సాయంత్రమైతే ఆ నీడ రోడ్డు దాటి ఇవతలి ఇళ్ల మీద పడుతుంది. ప్రపంచంలో ఏ ఊరికి పోయినా ఇదే గోలని పేపర్లో రాస్తారు. చదివినవాళ్లు అయ్యో అనుకుని, ఆ పేపర్లోనే కోడిగుడ్డు పెంకులు చుట్టి నా బండిలో పడేస్తారు.

ఆఫీసువాళ్లకు విసుగొచ్చింది. నా బండి సరుకు ఇలాగే గుట్టకు పోతుంటే వచ్చే నెలనుంచి నా సందులన్నీ పెద్ద లారీకి ఇచ్చేస్తామన్నారు. దానికి మేము పెట్టుకున్న పేరు బకాసురుడు. తడీ లేదు, పొడీ లేదు, వేసిందంతా నమిలి ముద్దచేసి తిన్నగా గుట్టకు మోస్తుంది. అదొస్తే నా బండి మూలకు, నేను మళ్లీ చీపురుకు.

నా బండికి ఒక స్పీకరు ఉండేది. అందులో ఎవరో అమ్మాయి చక్కెర పాకంలాంటి గొంతుతో, దయచేసి తడి చెత్త వేరుగా, పొడి చెత్త వేరుగా అని పాడేది. జనం ఆ పాటతో నిద్రలేచేవాళ్లు, పాట అయ్యాక మళ్లీ పడుకునేవాళ్లు. ఒక వానకు అది కూడా తడిసి మూగబోయింది.

"కంగారు పడకు, నేను స్పీకరు బాగుచేసి, కొత్త మాటలు రికార్డు చేసిస్తాను. నా గొంతు బాగుంటుంది కదా" అన్నాడు మా ఆయన. బాగుంటుందని ఆయనకు ఎవరు చెప్పారో తెలియదు. పొద్దున్నే వంటింటి బల్ల మీద మైకు పెట్టుకుని కూర్చున్నాడు. నేను స్నానం చేసి వచ్చేసరికి చిప్పు చేతిలో పెట్టి, "అయిపోయింది, బండికి తగిలించుకో" అన్నాడు. ఆయన ముఖం కాస్త వాడిపోయి ఉంది. అప్పుడే అడగాల్సింది. ఆలస్యమవుతోందని బయల్దేరాను.

మొదటి సందు మొదట్లో దర్జీ ఇల్లు. అక్కడ బండి ఆపి మీట నొక్కాను. మా ఆయన గొంతు సవరించుకోవడం వినిపించింది. "ప్రియమైన ప్రజలారా" అన్నాడు. తరవాత చెత్తబుట్ట మూత తీసిన చప్పుడు. ఆ తరవాత సందంతా అదిరిపోయింది.

"ఒరేయ్ బుడ్డోడా! కాగితాల బుట్టలో టీ పిప్పి పోసిందెవర్రా? నువ్వేనా? నీ తెలివి తెల్లారినట్టే ఉంది! శుభ్రమైన కాగితంరా, దాన్ని నీ టీతో తడిపి ఎందుకూ పనికిరాకుండా చేశావు కదరా! తొక్క ఎటు పడేయాలో తెలియనివాడికి అరటిపండు ఎందుకురా? పారేస్తే పోయిందనుకుంటున్నావా? ఎక్కడికీ పోదురా! ఎవరో ఒకరి చేతుల్లోకే వస్తుంది. ఇన్నేళ్లూ ఆ చేతులు మీ అమ్మవేరా వెధవా!"

మీట ఆపడం మరిచిపోయిన మా మహానుభావుడు తను తిన్న తిట్లన్నీ తానే రికార్డు చేసుకుని నాకు అప్పగించాడు.

నేను ఆపబోయాను. కానీ నవ్వుతో చేతులు ఆడలేదు. తలెత్తి చూస్తే కిటికీలన్నీ తెరుచుకుంటున్నాయి. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు, ఎవరి బుట్ట వాళ్లు చూసుకుంటున్నారు. ఇంటికో బుడ్డోడు ఉంటాడు కదా, ప్రతి మగవాడూ తననే అన్నారనుకున్నాడు. లెక్కల మాస్టారు సగం గడ్డం గీసుకుని సబ్బు నురగతోనే గుమ్మంలోకి వచ్చాడు. "ఒక్క నిమిషం ఆగమ్మా, ఒక్క నిమిషం" అంటూ మెట్ల మీద చతికిలపడి బకెట్లోంచి తొక్కలు ఏరడం మొదలుపెట్టాడు. దర్జీ గుడ్డముక్కల మూటలోంచి తను తాగి పడేసిన టీ కప్పును చల్లగా తీసి వీపు వెనక దాచుకున్నాడు.

"మా అమ్మ ఉన్నట్టే ఉంది" అన్నాడు దర్జీ. ఆయన కళ్లు చెమర్చాయి. "ఇలా తిట్టించుకుని ఎంత కాలమైందో."

ఆ రోజు షెడ్డులో మేస్త్రీ కర్రతో ఇటు కెలికాడు, అటు కెలికాడు. నావైపు చూశాడు. బండి నంబరు చూశాడు.

"సరే" అన్నాడు.

నేను ఆ కుప్ప ముందే గంతేశాను.

అప్పటినుంచి కొన్నాళ్లు పండగే పండగ. నా బండి మలుపు తిరగక ముందే జనం రెండు బుట్టలతో గుమ్మాల్లో నిలబడి ఉండేవాళ్లు. పిల్లలైతే మా అత్త తిట్లు కంఠస్థం చేసి బండి కంటే ముందే అరుచుకుంటూ పరుగెత్తేవాళ్లు. పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం. మా ఆయన వీధిలోకి వెళ్తే చాలు, "బుడ్డోడుగారూ, టీ తాగారా?" అని పలకరింపులు. ఆయన పాపం తల దించుకుని నడిచేవాడు. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. మా ఇంట్లో గెలిచేది ఎప్పుడూ మా అత్తే, ఇప్పుడు రచ్చ కూడా గెలిచింది. కానీ ఆ సంగతి ఆవిడకు తెలియదు. చెప్పే ధైర్యం మా ఇద్దరికీ లేదు.

పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. సంచి కుట్టించుకుందామని మా అత్త దర్జీ దగ్గరకు వెళ్లి నోరు తెరిచిందో లేదో, దర్జీ లేచి నిలబడి దణ్ణం పెట్టాడట. "అమ్మా, మీరేనా! మిమ్మల్ని రోజూ వింటున్నాం" అన్నాడట.

ఇంటికి వచ్చి ఆవిడ అరవలేదు. అందుకే మాకు భయం వేసింది. ఆవిడ అరిస్తే ఇంటి కప్పు లేస్తుంది, అరవకపోతే ఇల్లే కుంగిపోతుంది.

"ఇంట్లో మాట ఇంట్లో ఉండాలి. నా కడుపున పుట్టినవాడిని నేను తిట్టుకున్నాను. వీధిలో నన్ను గయ్యాళిని చేసి తిప్పుతారా?" అంది నెమ్మదిగా. ఆ నెమ్మదికి మా ఆయన అక్కడికక్కడే చిప్పులోదంతా చెరిపేశాడు. నా "సరే" కూడా దాంతోపాటే చెరిగిపోయింది.

మరునాడు ఆవిడే నా దగ్గరకు వచ్చింది. "అమ్మాయ్, ఆ గొంతు లేకపోతే నీ బండి పోతుందట కదా. నీ బండి పోకూడదు తల్లీ. నేనే కూర్చుని పద్ధతిగా చెబుతాను" అంది.

తల దువ్వుకుని, మంచి బట్టలు కట్టుకుని, పెళ్లిచూపులకు కూర్చున్నట్టు మైకు ముందు కూర్చుంది. మా ఆయన మీట నొక్కాడు. మా అత్త నోట్లోంచి నేను కలలో కూడా వినని గొంతు వచ్చింది.

"గౌరవనీయులైన వీధి పెద్దలకు నమస్కారములు. తమరు దయయుంచి తడి చెత్తను, పొడి చెత్తను వేరువేరుగా ఇప్పించవలసిందిగా ప్రార్థన."

మేం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. మా ఆయన తెగించి ఆవిడ కళ్ల ముందే కాగితాల బుట్టలో టీ పిప్పి పోశాడు. మా అత్త కంట్లో నిప్పు రాజుకుంది, పెదవులు కదిలాయి, అంతలోనే మైకు చూసి సర్దుకుంది. "ఇప్పుడు కాదు నాయనా, రికార్డవుతోంది" అంది తేనె పూసినట్టు.

ఆ ప్రార్థన ఎవరూ ఆలకించలేదు. కుక్క తోక వంకర అన్నట్టు జనం మళ్లీ మొదటికొచ్చారు. "ఆవిడేరీ? ఆ తిట్టే ఆవిడ?" అని అడగడం, నేను మాట మార్చడం, వాళ్లు కలగాపులగం బకెట్టు ఒంపేసి వెళ్లిపోవడం. షెడ్డులో మేస్త్రీ మళ్లీ "కలిసింది" అన్నాడు. ఆఖరికి ఆయనే జాలిపడి, ఎన్నడూ లేనిది మూడో మాట కూడా మాట్లాడాడు. "రేపు ఆఫీసువాళ్లు వస్తున్నారు. రేపటి కుప్ప చూసి తేల్చేస్తారు."

ఆ మాట ఇంట్లో చెబితే మా అత్త చెప్పులేసుకుంది. "రేపు నేనూ బండిలో వస్తాను. ఇంత మర్యాదగా చెబుతున్నా ఎందుకు వినట్లేదో నా కళ్లతో చూస్తాను" అంది. మా ఆయన మెడలో వేసుకునే తీగలేని మైకు సిద్ధం చేశాడు, ఆవిడ ఎప్పటికప్పుడు స్వయంగా మాట్లాడొచ్చని.

పొద్దున్నే బయల్దేరాం. ముందు సీట్లో మా అత్త మెడలో మైకుతో నిటారుగా కూర్చుంది. మా ఆయన వెనక నిలబడ్డాడు. మొదటి సందులో ఆవిడ నమస్కారాలు చెప్పింది, ప్రార్థించింది, మళ్లీ నమస్కరించింది. లెక్కల మాస్టారు పరధ్యానంగా వచ్చి, కలిపిందంతా పొడి వైపు ఒంపి వెళ్లిపోయాడు. ఇలాగైతే మధ్యాహ్నానికి నేను స్టీరింగు వదిలేయాల్సిందే.

నాకొక ఉపాయం తట్టింది. కొడుకు వల్ల కాలేదు, కోడలి వల్ల అవుతుందేమో. నా అన్నం డబ్బాలోంచి అరటిపండు తీసి, బండి దర్జీ ఇంటి ముందే ఉంచి దిగి, తిన్నాను. మైకు మీట వేసే ఉందని చూసుకున్నాను. మా అత్త చూస్తుండగా తొక్కను తీసుకెళ్లి పొడి వైపు అట్టపెట్టెల మీద వేశాను.

ఇప్పుడు పడుతుంది నాకు, అనుకున్నాను. భుజాలు బిగించి నిలబడ్డాను.

మా అత్త నెమ్మదిగా బండి దిగింది. మోకాళ్లు పట్టుకుని అటువైపు నడిచింది. ఆ తొక్కను తీసి తడి వైపు వేసి చేయి తుడుచుకుంది.

"పోనీలే తల్లీ, పొరపాటున పడింది" అంది.

అంతే, నాలో ఏదో పుటుక్కుమంది. బండి సంగతి, మైకు సంగతి, అన్నీ మరిచిపోయాను.

"పొరపాటు కాదు అత్తయ్యా, కావాలనే వేశాను! మీ అబ్బాయి టీ పిప్పి పోస్తే ఇల్లు పీకి పందిరి వేస్తారు, నేను తొక్క వేస్తే పోనీలే అంటారా? నేనేం పరాయిదాన్నా? ఇన్నాళ్లుగా మీ ఇంట్లో ఉంటున్నాను, ఒక్కసారి, ఒక్కసారైనా నన్ను తిట్టారా? పాలవాడికున్న విలువ కూడా నాకు లేదా?"

నా గొంతు నాకే సందు చివరనుంచి వినిపించింది. అప్పుడు గుర్తొచ్చింది మైకు. కిటికీలు తెరుచుకుంటున్నాయి. మా ఆయన బండి వెనక కొయ్యబారిపోయాడు.

మా అత్త నన్ను పైనుంచి కిందకు చూసింది. గుండెల నిండా గాలి పీల్చుకుంది.

"ఒసేయ్ మొద్దూ!"

ఆ ఒక్క మాటకు నాకు కళ్లనీళ్లు వచ్చాయి.

"నా నోరు నాకు తెలియదనుకున్నావా? బెల్టు దగ్గర నా నోటికి జడిసి ఎంతమంది పని మానేసి పోయారో తెలుసా? వీడంటే కొడుకు, చచ్చినట్టు పడుంటాడు. నువ్వెందుకు పడతావే? ఒక మాటంటే సంచి సర్దుకుని పోతావేమోనని, ఇన్నాళ్లూ నాలుక కరుచుకుని బతికానే! ఎన్ని మింగానో నీకేం తెలుసు? ఇంక మింగను, విను! తడి తువ్వాలు తెచ్చి పరుపు మీద వేస్తావు. ఏ డబ్బాకూ మూత పెట్టవు. దీపం ఆర్పవు. కోడిగుడ్డు పెంకులు కాగితంలో చుట్టింది నువ్వేనని నాకు తెలియదనుకున్నావా? తెలుసు! రోజూ నీ వెనకాలే ఏరుతున్నాను! ఊరందరి చెత్తా మోసే మనిషివి, నీ ఇంటి బుట్ట నీకు పట్టదా? ఏమే, నీకు చేతులున్నాయా, లేక అలంకారానికి తగిలించుకున్నావా?"

"ఉన్నాయి అత్తయ్యా!" అన్నాను ఏడుస్తూ, నవ్వుతూ.

"ఉంటే పని చెయ్! ఆ మాస్టారు ఒంపింది చూడు, అందులో కూర ఉంది. ఏమయ్యా మాస్టారూ, పిల్లలకు కూడికలు నేర్పుతావు, తీసివేత రాదా నీకు? కిందికి రా!"

లెక్కల మాస్టారు రెండేసి మెట్లు దూకుతూ వచ్చాడు. ఆయన వెనక ఆయన భార్య వచ్చి, "ఆ మూతల సంగతి మా ఇంట్లో కూడా కాస్త చెప్పండి పిన్నిగారూ" అంది. దర్జీ చప్పట్లు కొట్టాడు. సందంతా గుమ్మాల్లోకి వచ్చింది. ఎవరి బకెట్టు వాళ్లు మెట్ల మీద ఒంపి ఏరుకోవడం మొదలుపెట్టారు. మా అత్త మోకాళ్ల నొప్పులు మరిచిపోయి సందు ఈ చివరినుంచి ఆ చివరికి, ఆ సందునుంచి ఇంకో సందుకు, పేరుపేరునా అక్షింతలు వేసుకుంటూ నడిచింది. నేను బండిని ఆవిడ వెనకాలే మెల్లగా తోలాను. అంత సంతోషంగా నేనెప్పుడూ బండి తోలలేదు.

షెడ్డులో మేస్త్రీ పక్కన ఆఫీసువాళ్లు నిలబడి ఉన్నారు. కుప్ప పోశాను. కర్ర అటూ ఇటూ తిరిగింది. అట్ట పొడిగా ఉంది. కాగితం పొడిగా ఉంది. అడుగున ఒక టీ కప్పు దొరికింది, అది కూడా కడిగి ఉంది.

"సరే" అన్నాడు మేస్త్రీ. అని, మా అత్తవైపు తిరిగి, "బాగున్నావా అక్కా?" అన్నాడు.

"బాగుండకేం! అది కర్ర పట్టుకునే తీరేనా? ఇన్నేళ్లొచ్చాయి, ఇంకా రాలేదు నీకు" అంది మా అత్త. మేస్త్రీ పళ్లన్నీ బయటపెట్టి నవ్వాడు.

బకాసురుడు నా సందుల్లోకి రాలేదు. గుట్ట ఇంకా అక్కడే ఉంది, ఒక్క బండితో అది కరగదని నాకూ తెలుసు. కానీ నా సందుల చెత్త దాని మీదకు ఎక్కడం లేదు. పక్క సందుల బండివాళ్లు కూడా వచ్చి మా అత్త గొంతు అడుగుతున్నారు. ఎందుకంటే ఆ రోజు కూడా మా ఆయన మామూలు ప్రకారం రికార్డు మీట ఆపడం మరిచిపోయాడు. ఈసారి చెరిపేద్దామా అని అడిగితే మా అత్త, "ఉండనీ. కోడల్ని తిట్టడం దాచుకోవాల్సిన పనేం కాదు" అంది.

ఇప్పుడు నేను రోజూ నా తిట్లు నేనే స్పీకర్లో పెట్టుకుని ఊరేగుతున్నాను. ఒసేయ్ మొద్దూ అనగానే తలుపులు తెరుచుకుంటాయి. నవ్వేవాళ్లు నవ్వుతారు. ప్రతి పొద్దునా ఆ మాట దగ్గర నేను కాస్త చప్పుడు పెంచుతాను.

ఇవాళ బండి తీస్తుంటే మా అత్త అన్నం డబ్బా పట్టుకుని గుమ్మంలోకి పరుగెత్తుకొచ్చింది. "ఒసేయ్ మతిమరుపుదానా! మళ్లీ డబ్బా వదిలేసి పోతున్నావు, నీ తల ఎక్కడ పెట్టి వస్తావే రోజూ?" అని వీధంతా వినపడేలా అరిచింది.

నేను మరిచిపోలేదు. కావాలనే వదిలేశాను.